‘ఎ టొలోంట్స్’ అనే మూకీ చిత్రం గురించి హంగేరియన్ తెలిసినవారు సాయం చేయగలరా?

నమస్కారం. తర్వాతి రోజుల్లో ‘కాసాబ్లాంకా’ తీసిన మైకేల్ కర్టిజ్, హంగేరీలో మిహాయ్ కెర్తేస్‌గా ఉన్నప్పుడు 1914లో తీసిన చిత్రం ‘ఎ టొలోంట్స్’. చిత్రీకరణ అప్పటి కొలోజ్‌వార్‌లో, అంటే నేటి రొమేనియాలోని క్లుజ్ ప్రాంతంలో జరిగింది. చాలాకాలం పోయిందనుకున్న ఈ చిత్రపు ప్రతి ఒకటి న్యూయార్క్‌లో ఒక నేలమాళిగలో బయటపడింది. దాన్ని బాగుచేసి మళ్లీ విడుదల చేశారు.

పల్లె నుంచి పట్నానికి పనిమనిషిగా వెళ్లిన అమ్మాయిపై దొంగతనం నింద పడుతుంది. జైలు నుంచి విడుదలైన తల్లి ఆమెను వెతుక్కుంటూ వస్తుంది. ఆ తల్లి పాత్ర వేసిన మారి యాసయ్ హంగేరీ రంగస్థలంపై మహానటి. ఆమె ముఖం చూశాక నాకు నిద్ర పట్టలేదు.

మా అమ్మకు ఈ చిత్రం చూపించాలని మధ్యలో వచ్చే అక్షరాల పలకలను తెలుగు చేస్తున్నాను. పేరు దగ్గరే ఆగిపోయాను. ‘టొలోంట్స్’ అంటే పోలీసులు వెంట ఉండి బలవంతంగా సొంతూరికి పంపేసిన మనిషి. ‘బహిష్కృత’ అంటే కులం నుంచి వెలివేసినట్టు ధ్వనిస్తోంది, ‘అవాంఛిత’ మరీ పొడిగా ఉంది. హంగేరీలో నివసించిన తెలుగువారెవరైనా ఆ మాటలోని అవమానం తెలిసే పదం సూచించగలరా? ఎడె టోత్ రాసిన మూల నాటకం చదివినవారుంటే దయచేసి తప్పక చెప్పండి.