పోస్టరులో "కనుగొన్నవారు" గడిలో ఎవరి పేరు రాయాలి?

భీమిలి_ఆకాశం (శుక్రవారం, రాత్రి 9:40)
డిసెంబరు అమావాస్యకి దగ్గరగా వచ్చే శనివారం భీమిలి బీచ్‌లో స్కూలు పిల్లలకి ఆకాశం చూపిస్తున్నాం. ఎనిమిది అంగుళాల టెలిస్కోపు ఒకటి, బైనాక్యులర్లు నాలుగు ఉన్నాయి. పన్నెండు గెలాక్సీలు, నీహారికలతో ఒక పోస్టరు కూడా వేయిస్తున్నాను. ఒక్కోదానికి పేరు, కనుగొన్నవారు, సంవత్సరం ఉంటాయి. ఎం110 అనే గెలాక్సీ ఎదురుగా కరోలిన్ హెర్షెల్, 1783 అని రాశాను. చిత్తుప్రతి చూసిన ఒకాయన తప్పన్నారు. ఆదివారం సాయంత్రానికల్లా ప్రెస్సుకి ఇచ్చేయాలి. తెలిసినవాళ్లు చెప్పండి.

లాసన్స్‌బే_మేడ (10:05)
తప్పే బాబూ. ఆండ్రోమెడా గెలాక్సీ ఎం31 పక్కనే ఉండే చిన్న గెలాక్సీ అది. చార్లెస్ మెస్సియే పారిస్‌లో 1773 ఆగస్టు 10న చూశాడు. కరోలిన్ చూసింది 1783 ఆగస్టు 27న. పదేళ్ల పదిహేడు రోజుల తేడా ఉంది. ఆవిడ తనంతట తానే చూసింది, కాదనను. కానీ ముందు చూసింది మెస్సియే. ఆ పేరులో ఉన్న "ఎం" ఎవరిదో ఆలోచించండి.

కంచరపాలెం_కుర్రాడు (10:12)
అలాగైతే ఎం31 కూడా మెస్సియేదేనా సార్? పర్షియాలో అల్ సూఫీ 964లోనే దాన్ని చిన్న మేఘంలా ఉందని రాశాడు. ఎం1 అనే నీహారికని ఇంగ్లండులో జాన్ బెవిస్ 1731లో చూశాడు. మెస్సియే 1758లో తోకచుక్క చూస్తూ దాన్ని చూశాడు. తోకచుక్కలు వెతికేవాళ్లు వీటిని చూసి పొరబడకూడదని జాబితా రాశాడు. "ఎం" అంటే ఆ జాబితాలో నంబరు, అంతే కదా.

లాసన్స్‌బే_మేడ (10:20)
నేను ఎం31 గురించి మాట్లాడలేదు. అక్కడ అల్ సూఫీ పేరే రాయండి, సంతోషం. ఎం110 సంగతి చెప్పండి. 1773 ముందా, 1783 ముందా?

డాబాగార్డెన్స్_వాసి (10:31)
ఎక్కడో పారిస్ వాళ్ల కోసం కొట్టుకుంటున్నారు గానీ, మన ఊళ్లో గోడే వెంకట జగ్గారావు గారు 1840 ప్రాంతంలోనే సొంత ఖర్చుతో అబ్జర్వేటరీ కట్టుకున్నారు. ఆయన తర్వాత అల్లుడు అంకితం వెంకట నరసింగరావు గారు నడిపారు. 1874 డిసెంబరు 9న శుక్రగ్రహం సూర్యబింబం మీదుగా దాటడాన్ని ఇక్కడి నుంచే గమనించారు. విశాఖ పిల్లలకి వేసే పోస్టరులో వాళ్ల పేరు లేకపోతే ఎలా?

భీమిలి_ఆకాశం (10:36)
వాళ్లు నీహారికలు కనుగొనలేదు కదండీ. కనుగొన్నవారి గడిలో ఎలా రాయను? పైన వేరే పెట్టె కట్టి రాస్తాను.

డాబాగార్డెన్స్_వాసి (10:38)
పెట్టెలో చిన్న అక్షరాలతో వద్దు. పేరు పెద్దగా కనబడాలి.

రాత్రిడ్యూటీ (11:15)
లాసన్స్‌బే సార్, మీ లెక్క సరైనదే. కానీ సగమే చెప్పారు. మెస్సియే చూశాడు, బొమ్మలో గీసుకున్నాడు. తన జాబితాలో మాత్రం వేయలేదు. 1781 నాటి జాబితా 103తో ఆగిపోయింది. మిగతా ఏడూ 20వ శతాబ్దంలో ఇతరులు చేర్చినవి. 110 చేరింది 1960ల్లో. ఆయన గీసిన ఆండ్రోమెడా బొమ్మ అచ్చయింది 1807లో. అప్పటికి ఆయన చూసి 34 ఏళ్లు గడిచాయి. ఈలోగా 1785లోనే విలియం హెర్షెల్ తన వ్యాసంలో, దీన్ని మా చెల్లెలు ఫలానా రోజున కనుగొంది అని తేదీతో సహా అచ్చు వేయించాడు. లోకానికి ముందు తెలిసింది కరోలిన్ వల్లే.

భీమిలి గారూ, గుర్రపుతల నీహారిక ఎదురుగా ఎవరి పేరు వేశారు?

భీమిలి_ఆకాశం (11:18)
పికరింగ్ అని వేశానండీ. పాత పుస్తకంలో అలాగే ఉంది.

రాత్రిడ్యూటీ (11:40)
నేను అనుకున్నదే అయింది. 1888లో హార్వర్డ్ అబ్జర్వేటరీలో ఆకాశాన్ని ఫోటో తీసిన గాజు ప్లేటు మీద గుర్రపుతలలా కనబడే నొక్కును గుర్తుపట్టింది విలియమీనా ఫ్లెమింగ్. అంతకుముందు ఆవిడ అక్కడి డైరెక్టరు ఎడ్వర్డ్ పికరింగ్ ఇంట్లో పనిమనిషి. డ్రేయర్ అనే ఖగోళ శాస్త్రవేత్త 1895లో నీహారికల జాబితా అచ్చు వేసినప్పుడు హార్వర్డ్‌లో దొరికినవన్నీ పికరింగ్ పేరునే రాసేశాడు. ఆవిడ పేరే లేదు. మీ పాత పుస్తకంలోకి వచ్చింది ఆ తప్పే.

లాసన్స్‌బే_మేడ (శనివారం, ఉదయం 6:10)
ఎం110 నుంచి ఎక్కడికో వెళ్లిపోతున్నాం. ఆ ప్లేటు తీసింది పికరింగ్ తమ్ముడు. అబ్జర్వేటరీ పికరింగ్‌ది, పని పెట్టింది ఆయన. జీతం తీసుకుని ప్లేట్లు చూసిన వాళ్లందరి పేర్లూ ఎక్కించుకుంటూ పోతే పోస్టరు చాలదమ్మా.

మురళీనగర్_మబ్బు (6:45)
ఎం110 మన ఊరి నుంచి ఎవరికైనా కనిపించిందా? మా మేడ మీద ఎం31 కూడా మసకమసకే.

రాత్రిడ్యూటీ (7:30)
జీతం తీసుకుని చూసిన వాళ్లు. ఆ మాట మీరు రాసినందుకు చెబుతున్నాను.

ఈ ఊళ్లోనే ఒక ల్యాబులో తొమ్మిదేళ్లు పనిచేశాను. సముద్రపు నీటి శాంపిళ్లు మైక్రోస్కోపు కింద పెట్టి ఒక్కొక్కటీ లెక్కపెట్టడం నా పని. రాత్రి ఒంటిగంటకి కళ్లు మండుతుంటే చన్నీళ్లతో కడుక్కుని మళ్లీ కూర్చునేదాన్ని. అంతకుముందు మా రిజిస్టర్లలో ఎక్కడా లేని రకం ఒకటి ఒకరోజు నా కళ్లపడింది. బొమ్మ గీశాను, తేదీ వేశాను, సార్‌కి చూపించాను. ఏడాది తర్వాత వ్యాసం అచ్చయి వచ్చింది. అందులో గీత గీతా నా బొమ్మే. పేరు మాత్రం సార్‌ది. చివర్న కృతజ్ఞతల్లో కూడా నా పేరు లేదు. ఎందుకు వేయలేదని అడిగితే, నీకు జీతం ఇస్తున్నారు కదమ్మా అన్నారు.

కరోలిన్ కూడా జీతం తీసుకుంది సార్, 1787 నుంచి ఇంగ్లండు రాజు దగ్గర ఏడాదికి 50 పౌండ్లు. అంతమాత్రాన ఆవిడ చూసిన తోకచుక్కలు రాజుగారివి అయిపోయాయా? విలియం రాసింది ఒక్క వాక్యం. మా చెల్లెలు కనుగొంది. నాకు ఆ ఒక్క వాక్యం చాలు.

కంచరపాలెం_కుర్రాడు (7:52)
మేడమ్, ఆ రిజిస్టరు ఇప్పుడు ఎక్కడుంది?

రాత్రిడ్యూటీ (7:55)
ల్యాబులోనే. నా దగ్గర ఫోటో కూడా లేదు.

లాసన్స్‌బే_మేడ (9:20)
అమ్మా, నేను రాసిన మాట తప్పు. వెనక్కి తీసుకుంటున్నాను.

నేను తేదీలు పట్టుకుని ఎందుకు వేలాడుతున్నానో కూడా చెప్పాలి. 1975 ఆగస్టు చివర్లో ఇంటర్ చదువుతున్నాను. రెండు వానల మధ్య తెరిపి ఇచ్చిన రాత్రి మేడ మీద పడుకుని హంస రాశి చూస్తుంటే, డెనెబ్ దగ్గర ఎప్పుడూ లేని చుక్క కనిపించింది. కిందికి వెళ్లి మా నాన్నకి చెప్పాను, పడుకోమన్నాడు. మర్నాడు మాస్టారికి చెప్పాను, విమానం అయ్యుంటుందన్నారు. నేను కాగితం మీద పెట్టలేదు. తేదీ లేదు, టైము లేదు. తర్వాత పేపర్లో వచ్చింది, హంస రాశిలో నోవా, అంటే ఉన్నట్టుండి వెలిగిన నక్షత్రం, జపాన్ వాళ్లు ముందు చూశారని. నేను చూసింది 29న రాత్రో, 30న రాత్రో ఈనాటికీ చెప్పలేను. వాళ్లకంటే ముందు చూశానని అనడం లేదు, అనలేను కూడా. అందుకే తేదీ ఉన్నవాడి పక్షాన నిలబడతాను. మెస్సియే దగ్గర తేదీ ఉంది.

రాత్రిడ్యూటీ (9:41)
నా దగ్గర తేదీ ఉంది సార్. తేదీ వేసిన కాగితం వాళ్ల దగ్గర ఉంది. మీకూ నాకూ తేడా అదే. రాసుకుంటే చాలని మీరంటున్నారు. రాసుకున్నా చాలలేదని నేనంటున్నాను.

లాసన్స్‌బే_మేడ (10:15)
గుర్రపుతల ఎదురుగా ఫ్లెమింగ్ పేరు రాయండి బాబూ. పికరింగ్‌ని తీసేయండి. ఎం110 దగ్గర మాత్రం నేను ఒప్పుకోను.

డాబాగార్డెన్స్_వాసి (10:22)
నరసింగరావు గారి శుక్రగ్రహం ఫలితాలు లండన్ రాయల్ ఆస్ట్రనామికల్ సొసైటీ పత్రికలో ఆయన పేరుతోనే అచ్చయ్యాయి. తేదీ ఉంది, పేరూ ఉంది. పెట్టె సంగతి ఏమైంది?

భీమిలి_ఆకాశం (11:00)
పెట్టె పైన, మధ్యలో, పెద్ద అక్షరాలతో వస్తుందండీ. గుర్రపుతల టెలిస్కోపులో పిల్లలకి కనబడదు కాబట్టి ఫోటో కింద ఫ్లెమింగ్, 1888 అని వేస్తున్నాను. ఎం110కి "చూసినది మెస్సియే 1773, కరోలిన్ 1783" అని రెండూ వేస్తాను. సరేనా?

రాత్రిడ్యూటీ (11:04)
అచ్చయిన సంవత్సరాలు కూడా వేయండి. కరోలిన్‌ది 1785, మెస్సియేది 1807.

లాసన్స్‌బే_మేడ (11:09)
అన్ని అంకెలు వేస్తే పిల్లలు తికమకపడతారు. వద్దు.

రాత్రిడ్యూటీ (11:10)
పడనివ్వండి సార్. వేయండి.

భీమిలి_ఆకాశం (11:26)
గడి వెడల్పు పెంచమని ప్రెస్సు వాళ్లకి చెప్పాను. నాలుగు అంకెలూ పడతాయి.