ఒంగోలు వకీలు, మునసబు, సదరమీను: ముగ్గురా, ఒక్కరేనా?

ఒంగోలు చరిత్రాభిమాని:
ఒంగోలు తాలూకా పాత దస్తావేజుల్లో ఒకే ఇంటిపేరు, ఒకే పేరు మూడుచోట్ల కనబడుతోంది. ఫసలీ (పాత రెవెన్యూ సంవత్సరం) 1264లో వకీలు, ఫసలీ 1270లో డిస్ట్రిక్టు మునసబు (కింది సివిల్ కోర్టు జడ్జి), 1872లో ప్రిన్సిపల్ సదరమీను (మునసబుకు పైమెట్టు జడ్జి). ఒకే మనిషి ఇలా ఎదగడం సాధ్యమేనా? ఎక్కడ రుజువు దొరుకుతుందండీ?

పాత రికార్డులు:
సాధ్యమే. ముందు తేదీలు సరిచూసుకోండి. ఫసలీకి 590 కలిపితే, అది ఏ ఇంగ్లీషు ఏడు జూలైలో మొదలైందో ఆ ఏడు వస్తుంది. మీ 1264 అంటే 1854-55, 1270 అంటే 1860-61. ఆ వరస నడిచే దారే. 1873 మద్రాసు సివిల్ కోర్టుల చట్టంతో సదరమీను పోయి సబార్డినేట్ జడ్జి వచ్చాడు కాబట్టి, ఆ తర్వాత ఆయన్ని సబ్ జడ్జిల జాబితాలో చూడాలి. ఆ చట్టంలో మునసబు విచారించగల దావా విలువ హద్దు 2,500 రూపాయలు, సబ్ జడ్జికి విలువ హద్దు లేదు.

మధ్యలో కొన్నేళ్లు పేరు మాయమైతే కంగారుపడకండి, రెవెన్యూ జాబితాలు తిరగేయండి. తిరువారూరు ముత్తుస్వామి అయ్యరు 1856లో తరంగంబాడి మునసబు, 1859లో డిప్యూటీ కలెక్టరు, 1865లో మళ్లీ కోర్టు వైపు దక్షిణ కనరా సదరమీను. 1877లో హైకోర్టు జడ్జి అయ్యారు.

తీర్పుల పాఠకుడు:
గట్టి రుజువు అప్పీలు తీర్పుల్లో ఉంటుంది. 1876లో మొదలైన ఇండియన్ లా రిపోర్ట్స్ మద్రాసు సంపుటాల్లో, ఏ జడ్జి డిక్రీ మీద అప్పీలో తీర్పుతోపాటు పేరుతో సహా అచ్చువేసేవారు. కింది కోర్టు, దావా నంబరు, సంవత్సరం కూడా తరచు అక్కడే. అంతకుముందువాటికి 1862 నుంచి వచ్చిన మద్రాసు హైకోర్టు రిపోర్టులు చూడాలి, కాని చాలాచోట్ల కోర్టు పేరే ఉండి మనిషి పేరుండదు. నియామకాలకైతే చెన్నై ఎగ్మూరు ఆర్కైవ్సులో ఫోర్ట్ సెయింట్ జార్జి గెజెట్టు (అప్పటి మద్రాసు ప్రభుత్వ గెజెట్టు) చూడాలి. ఇంటిపేరు పొడి అక్షరంగా మారిపోతుంది, సుబ్బారావు పేరునే నాలుగు రకాల ఇంగ్లీషు స్పెల్లింగుల్లో వెతకాలి. "ఆక్టింగు" అని ఉంటే అది తాత్కాలిక ఏర్పాటే, పదోన్నతిగా రాసుకోవద్దు.

కనిగిరి మిత్రుడు:
దస్తావేజులో ఉత్త "మునసబు" అని ఉంటే ఆగండి, గ్రామ మునసబు, అంటే ఊరి అధికారి కావచ్చు. కోర్టులో పనిచేసిన ప్రతివాడూ న్యాయాధికారి కాడు. మన ఒంగోలు వెన్నెలకంటి సుబ్బారావు గారు 1815 నుంచి 1829 దాకా మద్రాసు సదర్ కోర్టులో (హైకోర్టుకు ముందున్న పై కోర్టు) ఉన్నారు, ఎంతో గౌరవం పొందారు, కాని ఆయనది అనువాదకుడి ఉద్యోగం.

ఒంగోలు చరిత్రాభిమాని:
కృతజ్ఞతలండీ. గుంటూరు జిల్లా కాగితాలు కూడా చూడాలా?

పాత రికార్డులు:
ఆ కాలానికి అక్కర్లేదు. ఒంగోలు 1904 దాకా నెల్లూరు జిల్లాలోనే ఉంది. నెల్లూరు జిల్లా పేరుమీదే అడగండి.