తన మీదే పనిచేసే మంత్రం: లూప్ ఆపేదెలా?

హైదరాబాద్‌లో ఆదివారాలు స్నేహితులతో ఆడే టేబుల్‌టాప్ గేమ్ కోసం ఒక మంత్రవిద్య రాశాను. ఇందులో మంత్రాలు మనుషుల మీద కాదు, మంత్రాల మీదే పనిచేస్తాయి. చిక్కంతా 'రద్దు' మంత్రంతోనే. దాన్ని దాని మీదే వేస్తే, రద్దయితే పనిచేయనట్టు, పనిచేయకపోతే రద్దు కానట్టు. ఈ అంతులేని లూప్‌లో పడి ఆట అక్కడే ఆగిపోతోంది.

ఏ మంత్రమూ తన మీద తాను పనిచేయకూడదని నియమం పెట్టాను. స్నేహితులు రెండు మంత్రాలను ఒకదాని మీద ఒకటి వేసి దాటేశారు. ఖర్చు పెంచితే ఆ ఖర్చునే రద్దు చేశారు. 1908లో తర్కవేత్త బెర్ట్రాండ్ రస్సెల్ ప్రచురించిన టైప్ థియరీలా అంతస్తులు పెట్టి, పైది కిందిదాని మీదే పనిచేయాలన్నాను. చిక్కు పోయింది, దాంతో పాటు ప్రమాదమూ పోయింది. భస్మాసురుడి వరంలా వేసినవాడి నెత్తికే చుట్టుకోవడం ఈ విద్యకు ప్రాణం, అది వదులుకోలేను.

స్వీయ ప్రయోగాన్ని నిషేధించకుండా, లూప్ ఒకే టర్న్‌లో ముగిసి మాంత్రికుడికే దెబ్బ తగలాలంటే ఏ నియమం పెట్టాలి?