సర్కారు సగం ఇల్లే కట్టి ఇస్తే తీసుకుంటారా?

గచ్చునేల: చిలీలోని ఇకీకే ఊళ్లో 2004లో ఒక పని జరిగింది. కింతా మొన్రోయ్ బస్తీలో ఆర్కిటెక్ట్ అలెహాంద్రో అరవేనా బృందం దాదాపు వంద కుటుంబాలకు సగం ఇళ్లే కట్టి ఇచ్చింది. సర్కారు సాయం కుటుంబానికి 7,500 డాలర్లు. స్థలం, మురుగు కాల్వలు, కట్టుబడి, అన్నీ అందులోనే. ముప్పై ఏళ్లుగా ఊరి నడిబొడ్డున ఉంటున్నవాళ్లను ఎడారి అంచుకు పంపితే ఆ డబ్బుతో పూర్తి ఇల్లు వచ్చేదేమో. అరవేనా బృందం ఆ స్థలాన్నే కొని, ఇంటిని తగ్గించింది. 36 చదరపు మీటర్లు కట్టి, దాదాపు అంతే చోటు ఖాళీగా వదిలారు. పునాది, మెట్లు, వంటగది, బాత్రూం ముందే ఇచ్చారు. మిగతా గోడలు ఇంటివాళ్లు వీలున్నప్పుడు లేపుకోవాలి. 2016లో అరవేనాకు ఆర్కిటెక్ట్‌లకిచ్చే పెద్ద బహుమతి ప్రిట్జ్‌కర్ వచ్చింది. నా ఓటు దీనికే. మన దగ్గర ఇలా కట్టొచ్చా?

చౌరస్తా: బహుమతి ఇచ్చినోళ్లు ఆ సగం ఇంట్ల ఉంటరా? సర్కారు సగం బాధ్యత దులుపుకుంటే చప్పట్లు కొట్టాల్నా? రోజుకూలీకి పోయేటాయన సిమెంటుకు, ఇటుకకు, మేస్త్రి కూలికి పైసలు యాడికెళ్లి తెస్తడు? వడ్డీకే. తెలంగాణల డబుల్ బెడ్రూం ఇల్లు 560 చదరపు అడుగులు, పైసా తీసుకోకుండా పూర్తిగా కట్టిచ్చిన్రు. తాళం తీసి పాలు పొంగిచ్చుకునుడే.

గచ్చునేల: పాలు ఎక్కడ పొంగించుకోవాలన్నా? హైదరాబాద్ శివార్లలో, కొల్లూరులో ఔటర్ రింగ్ రోడ్డు దగ్గర ఒక్కచోటే 15,660 ఇళ్లు కట్టారు. నగరం మధ్యలో నాలుగిళ్లలో పనిచేసే ఆమెకు రోజూ రానూపోనూ ఛార్జీలు ఎవరిస్తారు? ఇకీకేలో అసలు గెలిచింది స్థలం దగ్గర, డిజైన్ ఆ తర్వాతే. ఇంకోటి, తొమ్మిదో అంతస్తులో 560 అడుగులు ఎప్పటికీ 560 అడుగులే. కొడుక్కి పెళ్లయితే గది ఎటు వేస్తారు? ఇకీకే ఇల్లు దాదాపు 72 చదరపు మీటర్ల వరకు, అంటే 775 అడుగుల దాకా పెరుగుతుంది.

సెంట్రింగ్‌చెక్క: సైట్ సూపర్‌వైజర్‌ని. ఇది మనకు కొత్తేం కాదండీ. ఏ ఊళ్లో డాబా చూసినా పైన పిల్లర్ల చువ్వలు నిలబడి ఉంటాయి, ఇంకో అంతస్తు వేద్దామని. డబ్బు సమకూరేసరికి ఏళ్లు పడుతుంది. ఈలోపు వానకు చువ్వలు తుప్పు పడతాయి, చువ్వ మొదలు దగ్గర కాంక్రీటు పెచ్చులూడుతుంది. కొందరు ప్లాస్టిక్ సంచులు చుడతారు, లోపల చెమ్మ చేరి అది ఇంకా చెడుపు. పలచటి కాంక్రీటు కప్పి ఉంచి, తర్వాత పగలగొట్టుకుంటే చువ్వ బతుకుతుంది గానీ ఆ ఖర్చు ఎవరు పెడతారు? పైగా ఒక్క అంతస్తుకు వేసిన పునాది మీద రెండు లేపుతారు, నాకు టెన్షన్ అక్కడే. ఇకీకే సగం ఇంట్లో అయితే బరువు మోసే భాగాల పని ముందే అయిపోతుంది. 2010 భూకంపం తర్వాత చిలీలోనే కాన్‌స్టిటుసియోన్ ఊళ్లో అరవేనా బృందం కట్టిన విల్లా వెర్దే కాలనీలో అయితే కప్పు మొత్తం వేసి, దాని కింద సగం ఖాళీ వదిలారు. ఇంటివాళ్లు గోడ, కిటికీ పెట్టుకుంటే చాలు.

తులసికోట: అంత దూరం ఎందుకు, ఇండోర్ చూడండి. ఆర్కిటెక్ట్ బాలకృష్ణ దోషి 1980లలోనే అరణ్య కాలనీలో బేస్‌మెంట్, నీళ్లు, మరుగుదొడ్డి ఇచ్చి మిగతాది కుటుంబాలకు వదిలారు. ఎలా పెంచుకోవచ్చో చూపించడానికి 80 నమూనా ఇళ్లు కట్టారు. ఆలోచన మంచిదే. కానీ కడుతున్నన్నాళ్లూ ఆ ఇసుకలో, దుమ్ములో వంట చేసేదెవరు? ఒంటరి ముసలామెకు ఇల్లొస్తే ఆ ఖాళీలో ఆమె ఏం కడుతుంది? దీని గురించి మగవాళ్లెవరూ మాట్లాడరేం?

సెంట్రింగ్‌చెక్క: న్యాయమైన ప్రశ్నే. ఇందిరమ్మ ఇళ్లకు 5 లక్షలు దశలవారీగా ఇస్తున్నారు కదా, ఖాళీ నింపడానికీ అలాగే ఇవ్వాలి. ముసలివాళ్లకు పూర్తిగా కట్టే ఇవ్వాలి.

చౌరస్తా: ఇందిరమ్మ ఇల్లు సొంత జాగ ఉన్నోళ్లకు. కిరాయికి ఉన్నోళ్లకు జాగేది? నగరం నడుమ జాగ సర్కారే ఇస్తదని రాసియ్యి, సగం ఇంటికి నేను గూడ సంతకం పెడత.

గచ్చునేల: అదే కష్టమన్నా. ఇకీకేలో పేదల ఇళ్లకు మామూలుగా పెట్టే భూమి ధరకు మూడు రెట్లు పెట్టి కొన్నారు. మన దగ్గర 2023లో కోకాపేట వేలంలో ఎకరం 100 కోట్లు దాటింది. కోకాపేట నడిబొడ్డు కూడా కాదు. అమ్మింది సర్కారే.