ఇద్దరు నటులతో దెయ్యం నాటకం: ‘ద వుమన్ ఇన్ బ్లాక్’ వేసిన తీరు, గాజ్ తెర, లైటు, సౌండు గురించి చెప్పగలరా?

చిక్కడపల్లి_బృందం:
అందరికీ నమస్కారం. డిసెంబరులో గంటన్నర భయానక నాటకం ఒకటి వేయాలని మా బృందం ప్రయత్నం. హాలు త్యాగరాయ గానసభ కావచ్చు, కుదరకపోతే లామకాన్. లండన్‌లో మూడు దశాబ్దాలు ఆడిన ‘ద వుమన్ ఇన్ బ్లాక్’ పద్ధతి మా మనసులో ఉంది: ఇద్దరే నటులు, మధ్యలో మాట్లాడకుండా కనిపించే ఒక స్త్రీ. దాన్నే అనువదించాలా, ఆ పద్ధతిలో సొంత కథ రాసుకోవాలా అన్నది ఇంకా తేలలేదు.

తెలిసినవారు చెప్పాల్సినవి ఇవి. అంత తక్కువ సెట్‌తో ఆ నాటకం అన్నేళ్లు ఎలా నిలబడింది? ఆమె కనిపించి మాయమవడానికి వాడే గాజ్ తెర (జాలీ గుడ్డ తెర) బదులు దోమతెర గుడ్డ పనికొస్తుందా? ఊగుడు కుర్చీ దానంతట అదే ఊగాలంటే ఎలా? బృందంలో కొందరు అద్దం పెట్టి చేసే ‘పెప్పర్స్ ఘోస్ట్’ బాగుంటుందంటున్నారు, అది చిన్న హాల్లో సాధ్యమా?

పాత_కరపత్రం:
చరిత్ర సంగతి నేను చెబుతాను, ఎందుకంటే మీ మిగతా ప్రశ్నలకి జవాబు సగం అందులోనే ఉంది.

1987 డిసెంబరు. ఇంగ్లండ్‌లో యార్క్‌షైర్ తీరాన స్కార్‌బరో అనే ఊరు. అక్కడి స్టీఫెన్ జోసెఫ్ థియేటర్ నడిపే అలన్ ఐక్‌బోర్న్ కొంతకాలం లండన్ నేషనల్ థియేటర్‌కి వెళ్లడంతో ఆ బాధ్యత రాబిన్ హెర్‌ఫర్డ్ చూస్తున్నారు. ఏడాది బడ్జెట్‌లో మిగిలిన కాస్త డబ్బుతో క్రిస్మస్‌కి ఒక దెయ్యం కథ వేయాలి, నలుగురికి మించి నటులు కుదరదు. స్టీఫెన్ మల్లాట్రాట్ అనే నటుడు-రచయిత సూసన్ హిల్ 1983 నాటి నవలని తీసుకుని, నలుగురు కూడా కాదు, ఇద్దరితో తేల్చేశాడు. ఆడింది అసలు వేదిక మీద కూడా కాదు, థియేటర్ బార్‌లో.

ఆయన చేసిన ఉపాయం ఇది. కిప్స్ అనే పెద్దాయనకి తన గతం ఇంట్లోవాళ్లకి చెప్పుకోవాలని ఉంటుంది, చెప్పడం చేతకాదు. అందుకని ఒక కుర్ర నటుణ్ణి సాయం పిలుస్తాడు. నటుడు కిప్స్ వేషం కడతాడు, కిప్స్ మిగతా పాత్రలన్నీ వేస్తాడు. కథ జరిగేది ఖాళీ థియేటర్‌లోనే కనుక సెట్ లేదన్న మాటే రాదు. ఒక పేము పెట్టె ఉంటుంది. అదే రైలు సీటు, అదే గుర్రబ్బండి, అదే బల్ల. స్పైడర్ అనే కుక్క ఉంటుంది, కానీ వేదిక మీద కుక్క ఉండదు, ఇద్దరి చూపులూ చేతులే దాన్ని చూపిస్తాయి. రికార్డు చేసిన శబ్దాన్ని కూడా మొదట్లో నటుడు కిప్స్‌కి ‘ఇదిగో, దీంతో ఏ చోటైనా సృష్టించొచ్చు’ అన్నట్టు పరిచయం చేస్తాడు, హాల్లో నవ్వుతారు. రెండో అంకంలో భయపెట్టేదీ ఆ శబ్దాలే. గంటసేపు లేనివాటిని ఉన్నట్టు ఊహించుకోవడం అలవాటైన ప్రేక్షకుడికి ఆ మాట్లాడని స్త్రీ కనిపించినప్పుడు, నిజంగా చూశానా, నేనే ఊహించుకున్నానా అని సందేహం కలుగుతుంది. నాటకం బలమంతా ఆ సందేహంలోనే ఉంది. మీరు సొంత కథ రాసుకున్నా వదులుకోకూడనిది ఇదే.

1989 జనవరిలో లండన్ లిరిక్ హామర్‌స్మిత్‌కి వచ్చింది. తర్వాత స్ట్రాండ్, ప్లేహౌస్ థియేటర్ల మీదుగా అదే ఏడాది జూన్ 7న ఫార్చ్యూన్ థియేటర్‌లో దిగింది. కోవిడ్‌లో 2020 మార్చి నుంచి ఏడాదిన్నర మూతపడినా మళ్లీ తెరిచి, 2023 మార్చి 4 దాకా ఆడింది. మొత్తం 13,232 ప్రదర్శనలు. లండన్ వెస్ట్ ఎండ్‌లో సంగీత నాటకాలు కానివాటిలో దీనికంటే ఎక్కువ ఆడింది ‘ద మౌస్‌ట్రాప్’ ఒక్కటే. మెక్సికోలో స్పానిష్ రూపం 1994లో మొదలైంది.

ఫార్చ్యూన్‌లో సీట్లు 432. ఈ అంకె ముఖ్యం. చివరి వరసకి కూడా ముఖం కనిపించాలి, పక్కసీటువాళ్ల ఉలికిపాటు తెలియాలి. రవీంద్రభారతి లాంటి పెద్ద హాల్లో ఇది పలచబడిపోతుంది, మీ ఎంపిక సరైనదే. లామకాన్ మాత్రం ఆరుబయలు. చీకటి పడ్డాక మొదలుపెట్టినా చుట్టుపక్కల వెలుతురు, బంజారాహిల్స్ హారన్లు మీ చేతిలో ఉండవు. ఈ నాటకానికి పూర్తి చీకటి, పూర్తి నిశ్శబ్దం రెండూ కావాలి.

డిమ్మర్_బల్ల:
గాజ్ తెర సూత్రం చిన్నదే. ముందువైపు వెలుగు, వెనక చీకటి అయితే అది గోడ. ముందు వెలుగు తీసి వెనక మనిషి మీద వేస్తే తెర లేనట్టే. తప్పు జరిగేదంతా ఆ ‘వెనక చీకటి’ దగ్గరే.

దోమతెర పనికిరాదు. దాని దారం మరీ సన్నం, కన్నాలు ఎక్కువ. ముందునుంచి వేసిన వెలుగు పట్టుకోడానికి గుడ్డే ఉండదు, వెనకున్న మనిషి ముందే తెలిసిపోతుంది. రెండు పొరలు వేస్తే సరిపోతుందనుకోకండి, రెండు జాలీలు ఒకదాని మీద ఒకటి పడితే అలలు అలలుగా గీతలు కదులుతాయి. అసలైన గాజ్‌లో దారం లావుగా, కన్నాలు చిన్న నిచ్చెన మెట్లలా దీర్ఘచతురస్రాలుగా ఉంటాయి. అది దొరక్కపోతే సికింద్రాబాద్ జనరల్ బజార్‌లోనో, మదీనా దగ్గరో దగ్గర నేత ఉన్న కాటన్ నెట్ ఒక మీటరు కొని ముందు పరీక్షించండి. చీకటి గదిలో చట్రానికి బిగించి, నాలుగడుగుల వెనక ఒకరిని నిలబెట్టి, ఫోన్ టార్చి తెరకి అడుగు దూరంలో పైనుంచి కిందికి పట్టండి. మనిషి కనిపించకూడదు. టార్చి ఆపి, వెనక ఇంకో టార్చి పక్కనుంచి ముఖం మీద వేయండి. ముఖం తప్ప ఏమీ కనిపించకూడదు. రెండూ నెగ్గితేనే తెరకి సరిపడా గుడ్డ కొనండి.

రంగు నలుపు గానీ ముదురు బూడిద గానీ. తెల్ల నెట్ ఎక్కడెక్కడి వెలుగో పట్టుకుని పొగమంచులా నిలిచిపోతుంది. మందపాటి పెయింట్ వేస్తే కన్నాలు మూసుకుపోతాయి, అద్దకం రంగే వాడాలి. నిలువు కుట్టు వద్దు, వెనక లైటు రాగానే అది నల్ల గీతలా తేలుతుంది. తప్పకపోతే ఆ కుట్టు తలుపు ఫ్రేము వెనక్కి వచ్చేలా చూసుకోండి. కింద అంచుకి గొట్టంలా కుట్టి అరంగుళం జీఐ పైపు దూర్చండి, ముడతలు పోతాయి. ఏసీ గాలి తెరకి తగిలితే అలలాడి గుట్టు బయటపడుతుంది, స్టేజీ వైపు బ్లోయర్ ఆపించండి.

ముందు లైటు హాల్లోంచి నేరుగా వేయకూడదు. నేరుగా వేసింది కన్నాల్లోంచి దూరి వెనక మనిషి మీదే పడుతుంది. తెరకి రెండు మూడడుగుల ముందు పై బార్ (లైట్లు వేలాడదీసే కమ్మీ) మీద పార్ లైట్లు (డబ్బాల్లాంటి స్టేజీ లైట్లు) పెట్టి, దాదాపు నిట్టనిలువుగా కిందికి వంచండి. తెర ముందు నటులు కనీసం ఐదడుగుల ఎడంగా ఆడాలి, వాళ్లకి వెలుగు పక్కలనుంచి. నేల మీద నల్ల మ్యాట్ పరచండి, పాలిష్ చెక్క నేల మీద పడ్డ వెలుగు కూడా ఎగిరి వెనక్కి పోతుంది.

వెనక ఆమెకి నాలుగడుగుల ఎడం, ఆమె వెనక ఇంకో నల్ల తెర. ఒక్క ప్రొఫైల్ స్పాట్ (అంచులు కోసి వేయగల స్పాట్‌లైటు) పక్కనుంచి, దాని షట్టర్లతో (వెలుగు కోసే రేకులు) ముఖం, భుజాల వరకే కోసి వేయాలి. గాజ్‌కి వెనకనుంచి ఒక్క కిరణం తగిలినా అది వెలిగిపోతుంది. పదిహేను ఇరవై శాతం చాలు. ముందు పది నిమిషాల సీను మసకగా నడిపితే ప్రేక్షకుల కళ్లు చీకటికి అలవాటుపడి ఉంటాయి, ఆ కొంచెమే ఎక్కువగా కనిపిస్తుంది. చవక ఎల్‌ఈడీ పార్‌లు ఇక్కడ వద్దు, మరీ తక్కువ వెలుగు దగ్గర నెమ్మదిగా పెరగవు, ఒక్కసారి గెంతుతాయి. హాలోజన్ మెల్లగా పెరుగుతుంది, తక్కువ స్థాయిలో పసుపెక్కుతుంది కాబట్టి లేత నీలం జెల్ (లైటు ముందు పెట్టే రంగు పొర) వేయండి. ముందు లైటు సగానికి తగ్గాకే వెనకది మొదలవ్వాలి. రెండూ సమానంగా ఉన్న క్షణంలో అటూ ఇటూ ఏదీ స్పష్టంగా ఉండదు.

ఇంకో మాట. తెల్లచీర, విరబోసిన జుట్టు, గజ్జెల చప్పుడు వద్దే వద్దు. మన ప్రేక్షకులు చూడగానే దెయ్యం అని గుర్తుపట్టేస్తారు, గుర్తుపట్టింది భయపెట్టదు. పైగా తెల్లచీర ప్రతి చిందిన వెలుగునీ పట్టుకుని ఆమెను ముందే చూపిస్తుంది. నల్లబట్ట, మెరుపు లేని పాలిపోయిన మేకప్, గాజులు తీసేసిన చేతులు, మెత్తటి అడుగున్న చెప్పులు. కరపత్రంలో ఆ వేషం వేసే నటి పేరు వేయకండి, మూడో మనిషి ఉందని ముందే తెలిసిపోతుంది.

నెట్ కాటన్ అయితే నిప్పంటుకోకుండా మందు పట్టించాలి: పది లీటర్ల నీళ్లకి 600 గ్రాముల బోరాక్స్, 500 గ్రాముల బోరిక్ యాసిడ్, ముంచి ఆరబెట్టడం. ఉతికితే పోతుంది, సింథటిక్ గుడ్డకి పనిచేయదు. ముక్క కోసి అగ్గిపుల్లతో పరీక్షించాకే వేలాడదీయండి. చీకటి కోసం ఎగ్జిట్ బోర్డులు మాత్రం కప్పకండి.

హక్కుల_సంగతి:
అనువాదం మాట కాస్త. మల్లాట్రాట్ 2004లో చనిపోయారు, భారత చట్టం ప్రకారం రచయిత మరణం తర్వాత 60 ఏళ్లు హక్కులుంటాయి. టికెట్ లేకుండా ఔత్సాహిక బృందం వేసే ప్రదర్శనకి కాపీరైట్ చట్టం 52వ సెక్షన్‌లో వెసులుబాటు ఉంది, కానీ అది ఉన్న నాటకాన్ని ప్రదర్శించడం గురించి. అనువదించడం వేరే హక్కు, దానికి రాతపూర్వక అనుమతి కావాలి. మీకున్న వ్యవధికి సొంత కథే మేలు. ఇద్దరు నటులు, ఖాళీ వేదిక అన్న పద్ధతి మీద ఎవరికీ హక్కు లేదు. సూసన్ హిల్ కథ, పాత్రలు, నాటకంలోని సంభాషణలు మాత్రం తీసుకోకూడదు.

కోఠి_సౌండ్:
సౌండ్ ముచ్చట నేను చెప్త అన్నా. ముందటి రెండు స్పీకర్ బాక్సులతోనే పని కాదు. తలుపు వెనక ఒకటి, ప్రేక్షకుల వెనక ఒకటి, కనీసం నాలుగు ఉండాలె, నాలుగిటికీ మిక్సర్‌ల వేరే వేరే అవుట్. తలుపు కొట్టిన చప్పుడు తలుపు దగ్గర్నుంచే రావాలె, ముందటి బాక్సుల నుంచి వస్తే రేడియో నాటకమైతది. ముందటి బాక్సులల్ల, వెనక బాక్సుల ఒకటే సౌండ్ వేస్తే వెనకదానికి డిలే పెట్టాలె, మీటరుకి సుమారు 3 మిల్లీసెకండ్లు. లేకపోతే వెనక వరుసోళ్లకు రెండుసార్లు వినిపిస్తది.

కేక పెద్దగ ఉంటే భయపడరు, దాని ముందట నిశ్శబ్దం ఉంటే భయపడతరు. కేకకు ముందు నాలుగైదు సెకండ్లు ఏమీ ఉండొద్దు, మ్యూజిక్ అసలే వద్దు. ఆ నిశ్శబ్దంలనే డిమ్మర్ల (లైట్లు తగ్గించి పెంచే పెట్టెలు) గుయ్యిమనే చప్పుడు బయటపడ్తది, ఇదే అందరిని ముంచుతది. లైట్లు మసకగ ఉన్నప్పుడే అది ఎక్కువ. సౌండ్ సామానుకు కరెంటు మొత్తం ఒకటే బోర్డు నుంచి తీసుకో, డిమ్మర్ల బోర్డు వేరే ఉండాలె. బ్యాలెన్స్‌డ్ కేబుళ్లే (బయటి గుయ్యి పట్టుకోని రకం) వాడు, లైట్ వైర్ల పక్కపొంటి గుంజకు, దాటాల్సి వస్తే అడ్డంగ దాటించు. లాప్‌టాప్‌కు, మిక్సర్‌కు నడుమ ఐసోలేషన్ ఉన్న డీఐ బాక్స్ (కరెంటు గుయ్యి రాకుండ ఆపే చిన్న పెట్టె) పెట్టు. బ్లూటూత్ ముట్టకు, సౌండ్ బటన్ నొక్కినంక లేటుగ వస్తది, ఉలిక్కిపాటు పోతది. ఫైళ్లు వేవ్ (.wav) రకంల ఉంచు, ముందటి ఖాళీ మొత్తం కోసెయ్. లాప్‌టాప్ ఏరోప్లేన్ మోడ్‌ల పెట్టు.

చిక్కడపల్లి_బృందం:
అందరికీ కృతజ్ఞతలు. సొంత కథకే నిర్ణయించుకున్నాం. కుర్చీ, అద్దం ప్రశ్నలు మిగిలాయి.

పాత_కరపత్రం:
అద్దం వద్దండి. జాన్ హెన్రీ పెప్పర్ దాన్ని 1862 డిసెంబరు 24న లండన్ రాయల్ పాలిటెక్నిక్‌లో డికెన్స్ కథతో చూపించాడు, మూలం హెన్రీ డర్క్స్ ఆలోచన. వేదిక ముందు పల్లంలో నటుడు దాక్కుని గట్టి వెలుగులో నిలబడతాడు, పైన వంచిన పెద్ద పారదర్శక గాజు అద్దంలో అతని ప్రతిబింబం వేదిక మీద ఉన్నట్టు కనిపిస్తుంది. మీ హాల్లో ఆ పల్లం ఎక్కడిది? గాజు బదులు నాలుగడుగులు ఎనిమిదడుగుల యాక్రిలిక్ షీటు పెడితే నడుం దగ్గర వంగిపోతుంది, బొమ్మ సాగుతుంది. అద్దం వెనకున్న నటుల గొంతు అణిగిపోతుంది, వాళ్లకి దెయ్యం కనిపించదు కనుక చూపు సరైన చోటికి వెళ్లదు. గాజ్‌తో ఈ ఇబ్బందులేవీ లేవు.

వీలైతే లింగంపల్లిలో సురభి వాళ్ల ‘మాయాబజార్’ చూడండి. 1885లో కడప జిల్లా సురభిలో ‘కీచకవధ’తో మొదలైన నాటక పరంపర అది. వాళ్లు మాయని నిండు వెలుగులో, అందరూ చూస్తుండగా చేస్తారు, మీరు చేయాల్సింది దానికి ఎదురు పని. అయినా తెర లేచే వేగం, వెనకవాళ్లు ఒకరికొకరు అందించుకునే సమయం అక్కడ నేర్చుకోవచ్చు.

ప్రాపర్టీ_పెట్టె:
కుర్చీ సంగతి. తీగని కింద కుర్చీ కాళ్లకి కడితే కుర్చీ ఊగదు, జారుతుంది. వీపు ఆన్చే పలక వెనక మధ్య ఎత్తులో కట్టి, నేరుగా వెనక నల్ల తెరలోని చిన్న రంధ్రం గుండా లాగాలి. మెరిసే నైలాన్ గాలపు తీగ పక్క లైట్లో దొరికిపోతుంది, మెరుపు లేని నల్ల అల్లిక దారం వాడండి. లాగేవాళ్లకి కుర్చీ కనిపించేలా తెరలో ఇంకో కన్నం ఉండాలి, ఊపు వెనక్కి తిరిగే క్షణంలోనే చిన్నగా లాగి పూర్తిగా వదలాలి. కుర్చీని చూడకుండా లాగితే ఊపుకి ఎదురు పడి కుర్చీ వణుకుతుంది. తేలిక కుర్చీ రెండు ఊపులకే ఆగుతుంది, సీటు కింద రెండు మూడు కిలోల ఇసుక సంచి బిగించండి. తీగ వెళ్లే దారిలో ఎవరూ నడవకూడదు, అది రిహార్సల్ మొదటి రోజు నుంచే నేల మీద టేపుతో గుర్తుపెట్టండి.

కిర్రుమనే చప్పుడు పదో వరసకి వినపడదు కాబట్టి కుర్చీ పక్క నేల మీద చిన్న మైక్ పెట్టి, కోఠి_సౌండ్ అన్న చెప్పిన వెనక బాక్సులోకి కాక, కుర్చీకి దగ్గరి బాక్సులోకే పంపండి. రికార్డు వేస్తే ఊపుకీ చప్పుడుకీ ఎప్పుడో ఒకప్పుడు తేడా వస్తుంది.