చైనాలో మైనారిటీ జాతులు: మీరు దగ్గర్నుంచి చూసింది చెప్పండి

నాన్నింగ్_సెకండియర్:
గ్వాంగ్‌షీలోని నాన్నింగ్‌లో ఎంబీబీఎస్ చదువుతున్నాను. ఇక్కడ అన్నీ ఫోన్ పేమెంట్లే, నోటు చేతికి రావడమే అరుదు. మొన్న కూరగాయలమ్మే పెద్దావిడ చిల్లరగా ఒక యువాన్ నోటు ఇచ్చింది. వెనక్కి తిప్పితే మంగోల్, టిబెటన్, వీగర్ (ఉయ్ఘుర్) లిపులు, వాటి పక్కన ఇంగ్లిష్ అక్షరాల్లో ఏదో వింత భాష. అది ఇక్కడి జ్వాంగ్ జాతి భాష అట. మన నోటు మీద తెలుగు ఉన్నట్టే కదా అని సరదా పడ్డాను. ఆవిడ జ్వాంగే, పక్క కొట్టావిడతో ఆ భాషలోనే కబుర్లు చెబుతుంది. నోటు చూపించి చదవమంటే నవ్వేసింది. చదవడం రాదట!

వచ్చేముందు నాకు చైనాలో అందరూ ఒకటే అన్న లెక్క. 2020 జనగణనలో హన్ జాతి 91 శాతం, మిగతా 55 జాతులు కలిపి పన్నెండున్నర కోట్లు అని ఇప్పుడు తెలిసింది. ఇక్కడ ఉన్నవాళ్లు, ఉండి వచ్చినవాళ్లు మీరు చూసింది చెప్పండి. యూట్యూబ్ లింకులు వద్దు.

జిన్‌జౌ_పాతకాపు:
తమ్ముడూ, నేను లియావ్‌నింగ్‌లో ఆరేళ్లు ఉన్నా. మా బాస్కెట్‌బాల్ గ్యాంగులో ఒకడి ఐడీ కార్డు మీద జాతి దగ్గర ‘మాంచు’ అని ఉండేది. అవును, అక్కడ ప్రతివాడి కార్డు మీదా జాతి అచ్చు వేసి ఉంటుంది. 1912 దాకా చైనాను ఏలింది మాంచులే. మావాడికి మాత్రం ఆ భాషలో ఒక్క ముక్క రాదు. వాళ్ల నాన్న 80ల్లో రికార్డుల్లో హన్ నుంచి మాంచుకు మార్పించుకున్నాడట. 1982లో మాంచులు 43 లక్షలు, 1990కి 98 లక్షలు. ఎనిమిదేళ్లలో అంతమంది పిల్లలు పుట్టరుగా! మైనారిటీ అయితే గావ్‌కావ్ (కాలేజీ ప్రవేశ) పరీక్షలో అదనపు మార్కులు, ఒకే బిడ్డ రూలున్న ఆ రోజుల్లో చాలాచోట్ల రెండో బిడ్డకు అనుమతి. ఎవరు మాత్రం వదులుకుంటారు? ఆ మార్కుల్ని ఈమధ్య చాలా ప్రావిన్సుల్లో కోసేస్తున్నారు.

ఈవూ_ట్రేడర్:
మనవాళ్లు చైనాలో మొదట పరిచయమయ్యే మైనారిటీ హ్వే ముస్లింలే, ఆ సంగతి తెలియకుండానే. ప్రతి వీధిలో ‘లాన్‌జౌ నూడుల్స్’ అని పచ్చ బోర్డు ఉంటుంది చూడండి, అది వాళ్లదే. పేరు లాన్‌జౌ నగరానిది, ఓనర్లలో చాలామంది చింగ్‌హై ప్రావిన్సులోని హ్వాలూంగ్ కౌంటీ వాళ్లు. మా వీధి కొట్లో ఓనరు పిండి ముద్దను బల్లకేసి కొట్టి, రెండు చేతులా లాగి, మడిచి, మళ్లీ లాగి, చూస్తుండగానే నూలు పోగుల్లా చేసేవాడు. పక్కన పదేళ్ల కొడుకు హోంవర్క్. నేను పంది మాంసం తప్పించుకుందామని అక్కడికి వెళ్తే గిన్నెలో బీఫ్ సూపు! చివరికి టమాటా, కోడిగుడ్డు కూరతో అన్నం అని కనిపెట్టి మూడేళ్లు దాని మీదే బతికా.

మాట్లాడేది చైనీసే, ముఖం చూసి తేడా చెప్పలేం. తలమీద తెల్లటోపీ, బోర్డు మీద అరబిక్‌లో హలాల్ అని, అంతే తేడా. 2019లో బీజింగ్‌లో ఆ అరబిక్ అక్షరాలు తీయిస్తున్నారని వార్తలొచ్చాయి. కొన్నాళ్లకు మావాడూ బోర్డు మీద ఆ ముక్క వరకు పచ్చ స్టిక్కర్ అంటించాడు. ఏంటని అడిగితే “బోర్డు పాతబడింది” అన్నాడు. నేను ఇంకేం అడగలేదు.

షాంఘై_టెకీ:
మా టీములో ఒక వీగర్ అమ్మాయి ఉండేది. ఇద్దరం స్నేహితులమైంది పేర్ల గొడవతోనే. నా పాస్‌పోర్టులో ఇంటిపేరు, తండ్రిపేరు కలిపి బారెడు. బ్యాంకు ఫారంలో పట్టదు. వాళ్లకు ఇంటిపేరు ఉండదు, సొంతపేరు, తర్వాత తండ్రిపేరు, మధ్యలో ఒక చుక్క. ఆ చుక్కను ఒక ఆఫీసులో మధ్యన పెడతారు, ఇంకోచోట కింద పెడతారు, కంప్యూటరేమో ఇద్దరు వేరే మనుషులంటుంది. జీతం ఖాతా తెరవడానికి ఇద్దరం ఒకే కౌంటర్ దగ్గర రెండు పూటలు నిలబడ్డాం.

తేడా తర్వాత తెలిసింది. ఆఫీసు పని మీద వేరే ఊరెళ్తే హోటల్లో విదేశీయుణ్నయిన నాకు పది నిమిషాల్లో గది ఇచ్చారు. సొంత దేశంలో ఆమె కార్డు స్కాన్ చేశాక పోలీసు వచ్చేదాకా లాబీలో గంటన్నర కూర్చోబెట్టారు. ఆమె ఫోను చూసుకుంటూ కూర్చుంది, మాకే టెన్షన్.

విశాఖ_సత్యం:
మార్కులిచ్చారు, నోటు మీద భాష వేశారు, స్వయంపాలిత ప్రాంతాలు ఐదు ఇచ్చారు. ఇంకా అణచివేత అంటారేంటండీ? అంతా అమెరికా ప్రచారం.

షాంఘై_టెకీ:
సత్యంగారూ, ఆ ఐదింటికీ ఛైర్మన్ ఆ జాతివాడే ఉండాలని చట్టం. కానీ పెత్తనమంతా పార్టీ కార్యదర్శిది, ఆ కుర్చీలో దాదాపు ఎప్పుడూ హన్‌లే. వీగర్ల సొంత ప్రాంతం షిన్‌జియాంగ్‌లో 2017 నుంచి లక్షల మందిని నిర్బంధించిన శిబిరాలను చైనా ప్రభుత్వం వృత్తి శిక్షణ కేంద్రాలంది. 2022 ఆగస్టు 31న ఐరాస మానవ హక్కుల కార్యాలయం ఇచ్చిన నివేదిక ఆ నిర్బంధాలు మానవాళిపై నేరాలు కావచ్చని చెప్పింది. అది అమెరికా ఆఫీసు కాదు.

ఇన్నర్ మంగోలియా సంగతీ చూడండి. 2020 సెప్టెంబరులో అక్కడి మంగోల్ బడుల్లో భాష, రాజకీయాలు, చరిత్ర పాఠాలను చైనీస్‌లోకి మార్చడం మొదలుపెడితే తల్లిదండ్రులు పిల్లల్ని బడి మాన్పించారు. ఆ ఏడే ఆంధ్రాలో ఇంగ్లిష్ మీడియం జీవోను హైకోర్టు కొట్టేసింది గుర్తుందా? మీడియం ఏది మంచిదన్నది వేరే చర్చ. మనకు కోర్టుకెళ్లే దారి ఉంది. అక్కడ ఎదురు తిరిగినవాళ్ల కోసం పోలీసులొచ్చారు.

నాన్నింగ్_సెకండియర్:
థాంక్స్ అందరికీ. ఆదివారం మళ్లీ ఆవిడ దగ్గరికెళ్లా. ఆవిడ జ్వాంగ్‌లో ఏదో అంటే మనవరాలు చైనీస్‌లో జవాబిస్తోంది. నోటు మీది ముక్క కూడా వెతికా. ‘చైనా ప్రజా బ్యాంకు’ అనే పేరును చైనీస్ మాటలతోనే జ్వాంగ్ స్పెల్లింగులో రాశారు. పదాల చివర జెడ్ పలకడానికి కాదు, స్వరం గుర్తు.

ఇంకో డౌటు. సెలవుల్లో లాసా వెళ్దామనుకుంటున్నా. స్టూడెంట్ వీసా సరిపోతుందా?

చెంగ్డూ_హౌస్‌సర్జన్:
సరిపోదు బ్రో. విదేశీయులకు విడిగా టిబెట్ పర్మిట్ కావాలి, అది టూర్ ఏజెన్సీ ద్వారానే, గైడు తప్పనిసరి. అది లేకుండా లాసా రైలెక్కనివ్వరు. ముందుగానే మొదలుపెట్టు.

నాకు పర్మిట్ వచ్చిన రోజు హాస్టల్లో అందరికీ చూపించా. మా వార్డులో పనిచేసే టిబెటన్ కుర్రాడు పర్మిట్ పట్టించుకోలేదు, పాస్‌పోర్టు అడిగాడు. 2012లో టిబెట్‌లో సాధారణ పాస్‌పోర్టులు వెనక్కి తీసేసుకున్నారు, ఆ తర్వాత కొత్తది దొరకడం గగనమైంది. తీసుకుని ఒక్కో పేజీ మెల్లగా తిప్పాడు, ఖాళీ పేజీలు కూడా. “మీ ఊళ్లో దీనికి ఎన్నాళ్లు పట్టింది?” అన్నాడు. పోలీస్ వెరిఫికేషన్‌తో కలిపి మూడు వారాలు అన్నాను.