ఒక్కడే కూర్చుని యానిమేషన్ చేసుకుంటూ బతకడం కుదురుతుందా? (బిల్ ప్లింప్టన్ గురించి)

గీతలపిచ్చి:
నేను వారపత్రికలకి కార్టూన్లు వేస్తుంటాను. ఈమధ్య మనసంతా యానిమేషన్ మీదే ఉంది. ఇంట్లోవాళ్లు ఏదైనా స్టూడియోలో చేరమంటున్నారు, నాకేమో అమెరికన్ యానిమేటర్ బిల్ ప్లింప్టన్‌లా సొంతంగా చేసుకోవాలని ఉంది. ఏ స్టూడియో అండా లేకుండా ఆయన ఇన్నేళ్లు ఎలా నెట్టుకొచ్చాడు? డబ్బులెక్కడివి? తెలిసినవాళ్లు చెప్పండి ప్లీజ్.

పెన్సిల్‌ముక్క:
ఆయన సినిమాల్లో పేరు తెచ్చుకునేసరికే నలభై దాటాయండి. 1946లో పోర్ట్‌లాండ్‌లో పుట్టి, 1968లో న్యూయార్క్ చేరి, ఏళ్ల తరబడి పత్రికలకి బొమ్మలు వేసే బతికాడు. 1975లో సోహో వీక్లీ న్యూస్‌లో మొదలైన ఆయన కార్టూన్ స్ట్రిప్ తర్వాత చాలా పేపర్లలో వచ్చింది. 1987లో చేసిన 'యువర్ ఫేస్' చూడకపోతే ముందు అది చూడండి. సూటు వేసుకున్న ఒకాయన కుర్చీలో కూర్చుని ప్రేమపాట పాడుతుంటాడు, కథ అంతే. పాడేకొద్దీ మొహం సాగుతుంది, మెలితిరుగుతుంది, లోపలికి ముడుచుకుపోతుంది, చివరికి నేలే నోరు తెరిచి ఆయన్ని మింగేస్తుంది. రంగు పెన్సిళ్లతో వేసిన ఆ మూడు నిమిషాల సినిమాకి ఆస్కార్ నామినేషన్ వచ్చింది!

రీలుడబ్బా:
డబ్బు సంగతి నేను చెప్తాను. 'ది ట్యూన్' (1992) ఆయన మొదటి ఫుల్ లెంగ్త్ సినిమా. అది తీస్తూనే అందులోని ముక్కల్ని షార్ట్ ఫిల్ములుగా అమ్మి, యాడ్స్ చేసి, ఆ వచ్చిన దాంతోనే పూర్తి చేశాడు. బొమ్మలు దాదాపు 30,000, అన్నీ తనే వేశాడు. డిస్నీ పిలిచినా వెళ్లలేదు, అక్కడ తను గీసిందల్లా వాళ్ల సొత్తయిపోతుందని. తమ్ముడూ, నువ్వు పట్టుకోవాల్సింది ఇదే: హక్కులు చేతిలో ఉంటే పాత సినిమా కూడా మళ్లీ మళ్లీ అన్నం పెడుతుంది.

గీతలపిచ్చి:
30,000 బొమ్మలా! చెయ్యి పడిపోదా అన్నా?

రీలుడబ్బా:
సెకనుకి 24 ఫ్రేములుంటాయి కదా, ఆయన చాలాచోట్ల ఒక్కో బొమ్మని నాలుగేసి ఫ్రేములు నిలిపేస్తాడు, అలా సెకనుకి ఆరు బొమ్మలే సరిపోతాయి. అందుకే ఆ కదలికలో చిన్న వణుకు కనిపిస్తుంది, నాకు అదే ఇష్టం. కొత్తవాళ్లకి ఆయన చెప్పేది కూడా మూడే ముక్కలు: చిన్నగా ఉండాలి, తక్కువ ఖర్చులో అవ్వాలి, నవ్వించాలి.

పెన్సిల్‌ముక్క:
నాకైతే ఆయన ఫుల్ లెంగ్త్ సినిమాలు కొంచెం సాగదీసినట్టు ఉంటాయి, ఒక్క మాట కూడా లేని 'ఇడియట్స్ అండ్ ఏంజెల్స్' మాత్రం మినహాయింపు. ఇంకోటి, జనంతో ఆయన మెలిగే తీరు చూసి నేర్చుకోవాలి. షో అయ్యాక బల్ల దగ్గర కూర్చుని, వచ్చినవాళ్లకి తన షార్ట్ ఫిల్మ్ 'గార్డ్ డాగ్'లోని కుక్క బొమ్మ గీసి ఊరికే ఇస్తాడు. 'చీటిన్' అనే ఫుల్ లెంగ్త్ సినిమా కోసం కిక్‌స్టార్టర్‌లో (జనం దగ్గర చందాలు పోగుచేసే వెబ్‌సైట్) అడిగితే లక్ష డాలర్ల దాకా ఇచ్చింది ఇలాంటి అభిమానులే. మీరూ పత్రిక పని వదలకండి, ముందు రెండు నిమిషాలది ఒకటి చేసి ఇక్కడ పెట్టండి, అందరం చూస్తాం.